పదహారో రీలు మాటలు

మోరిస్‌విల్, నార్త్ కరోలినా
ఏప్రిల్ 6

ఒరేయ్ ఏకాంబరం!

నేనేరా, పరంధామయ్యని. రేపల్లె పరంధామయ్యని. మద్రాసులో పదేళ్లు నీ పక్కన నిలబడి గొంతు చించుకున్నవాణ్ణి. నలభై ఒక్క ఏళ్ల తర్వాత రాస్తున్నాను కదా, "గారు" అని మర్యాదగా మొదలుపెడదామనుకున్నాను. చెయ్యి పోలేదు. పట్టలేని సంతోషంలో ఉన్నాను. అక్షరాలు వంకరగా వస్తున్నాయి, సర్దుకుని చదువుకో. నా చదువు ఎనిమిదో తరగతి దగ్గర ఆగిందని నీకు తెలియనిది కాదు.

నీ కోడలు మనీషా చలవ వల్ల నీ అడ్రసు దొరికింది. కాపెల్‌లో కొడుకు దగ్గర ఉంటున్నావని, చెవికి మిషన్లు పెట్టుకున్నా ఫోనులో మాట గరగరలాడుతుందని, ఉత్తరమైతే కుదురుగా చదువుతావని చెప్పింది. చూడరా, నువ్వు టెక్సాస్‌లో, నేను ఇక్కడ! మొన్న క్రిస్మస్‌కి మేం డాలస్ ఎయిర్‌పోర్టులో మూడు గంటలు కూర్చుని చల్లటి ఇడ్లీలు తిన్నాం. నువ్వు పక్క ఊళ్లోనే ఉన్నావని తెలిస్తే ఆ విమానం ఎక్కేవాణ్ణా?

అసలు సంగతికి వస్తాను. మా త్రివేణి, అదేరా, నీ ఒళ్లో కూర్చుని నీ కళ్లజోడు విరిచిన పిల్ల, ఇక్కడ యూనివర్సిటీలో ప్రొఫెసర్. ఏ సబ్జెక్టుకనుకున్నావు? దక్షిణాది సినిమా చరిత్రకి! అందులోనూ ముఖ్యంగా తమిళ సినిమాకి! మనం చెమటలు కక్కిన కోడంబాకం గురించి ఇక్కడి పిల్లలు పరీక్షలు రాస్తున్నారు. చెబితే నవ్వుతావు, నేను ఆ మాట విన్న రోజు వంటింట్లోకి వెళ్లి కళ్లు తుడుచుకున్నాను.

న్యూజెర్సీలో ఒక పెద్దాయన ఉన్నాడు. ఒకప్పుడు స్కూలు హాళ్లు అద్దెకు తీసుకుని ఆదివారాలు మన సినిమాలు ఆడించేవాడట. ఆయన బేస్‌మెంట్ ఖాళీ చేస్తూ పదహారు రేకు డబ్బాలు అమ్మాయికి ఇచ్చాడు. మూత మీద పేరు చదివి అది నాకు ఆఫీస్ నుంచే ఫోన్ చేసింది.

"నాన్నా, ముందు నువ్వు కూర్చో."

"కూర్చున్నానమ్మా."

"నైన్టీన్ సెవెంటీ నైన్. మరక్కాణం ఉప్పు మడులు. గుర్తొచ్చిందా?"

నేను లేచి నిలబడ్డాను.

మన సినిమారా అది! ప్రతి సీనూ ముందు తమిళంలో, వెంటనే తెలుగులో. అదే కెమెరా, అదే చీర, అదే ఎండ. తమిళం మాటలు నువ్వు అందించేవాడివి, తెలుగు మాటలు నేను. మన తెలుగు కాపీ ఎక్కడా లేదట. నెగటివ్ కూడా లేదు. తమిళానిది మిగిలింది ఈ ఒక్కటే.

పదిహేను రీళ్లు బాగున్నాయి. పదహారోది, అంటే చివరిది, తడిసింది. బొమ్మ ఉంది, మాట పోయింది. ఫిల్ము అంచున శబ్దం పట్టీ ఉంటుంది కదా, చెమ్మ సరిగ్గా అంతవరకు తినేసి ఆగింది. స్క్రిప్టు కాయితాలు లేవు. రాసినాయన లేడు, తీసినాయన లేడు, నటించినవాళ్లూ లేరు. సెప్టెంబర్ 20న యూనివర్సిటీ హాల్లో ఈ సినిమా వేస్తున్నారు. ఆ తర్వాత లైబ్రరీవాళ్లు శాశ్వతంగా దాచుకుంటారు. చివరి రీలు మూగగానే ఉండిపోతుందేమోనని అమ్మాయి దిగులు.

"పిచ్చిదానా, మా ఏకాంబరం ఉండగా దిగులెందుకే? వాడి నోటి నుంచి రాకుండా ఆ రోజు ఒక్క మాట ఎవరి నోట్లోకైనా వెళ్లిందా?" అన్నాను. అప్పుడు అది సినిమా వాళ్ల గ్రూపుల్లో నీ పేరు పెట్టి అడిగింది. మీ మనీషా చూసి "మా మామగారే" అని రాసింది.

మా మనవరాలు అదితి అడిగింది, "తాతా, నువ్వు మూవీలో యాక్ట్ చేసావా?" అని. "లేదమ్మా, యాక్ట్ చేసేవాళ్లకి ఏం మాట్లాడాలో పక్కనుంచి చెప్పాను" అన్నాను. "ఓ, సో యు వర్ ద సబ్‌టైటిల్స్!" అంది. నలభై ఏళ్లుగా నా ఉద్యోగం ఏమిటో మా మామగారికి అర్థమయ్యేలా చెప్పలేకపోయాను. ఈ పిల్ల ఒక్క మాటలో చెప్పేసింది.

పదహారో రీలు మొత్తం రాసి పంపరా.

నీ
పరంధామయ్య


కాపెల్, టెక్సాస్
ఏప్రిల్ 19

శ్రీ పరంధామయ్య గారికి నమస్కారం.

మీ జాబు చేరినది. త్రివేణి ఇంత పెద్ద చదువు చదివినందుకు సంతోషం. నా భార్య పోయి ఆరేండ్లు అయినది. రఘువీర్, మనీషా బాగా చూసుకొంటారు. ఏ కొరతా లేదు.

ఆ సినిమా గుర్తు ఉండాది. మాటలూ ఉండాయి. నేను అందించిన మాట నేను మరిచేది లేదు. సెప్టెంబర్ 20కి చానా దినాలు ఉండాయి. 84లో మీకు ఏ జవాబు చెప్పి పంపినానో ఇప్పుడూ అదే జవాబు. అవసరం లేదు.

ఆ జవాబు విని మీరు ఏం చేసినారో కూడా నాకు గుర్తు ఉండాది.

ఇట్లు,
ఏకాంబరం


మోరిస్‌విల్
మే 2

శ్రీ ఏకాంబరం గారికి,

మీ ఉత్తరం అందింది. అవసరం లేదన్నారు. సరే. 84లో కూడా ఇదే మాట అన్నారు. ఆ రోజుల్లో తెలుగు కంపెనీలన్నీ ఒకదాని వెనక ఒకటి హైదరాబాద్ తరలిపోతున్నాయి. డబ్బింగ్ థియేటర్‌లో నాకు పని ఇస్తామన్నారు. "నేనొక్కణ్ణీ రాను, మా ఏకాంబరాన్ని కూడా తీసుకుంటేనే వస్తాను" అని పట్టుబట్టి మీకు కబురు పంపాను. ప్రొడక్షన్ మేనేజర్ వెంకట రమణ గారు తిరిగొచ్చి, "అవసరం లేదన్నాడయ్యా" అన్నారు. నా అవసరం లేనివాడి గుమ్మం ముందు నిలబడటానికి నాకు మొహం చెల్లలేదు. మర్నాడే రైలెక్కాను. ఇదీ నేను చేసింది. దొంగతనం ఏమీ కాదు.

మీరు రాసి పంపకపోయినా మా అమ్మాయి చేతులు ముడుచుకుని కూర్చోలేదు. పెదవులు చూసి మాటలు చెప్పగలిగే ఒక టీచరమ్మని చెన్నైలో పట్టుకుంది. తండ్రి వేషం వేసినాయన నాటకాల నుంచి వచ్చినవాడు కదా, ఆయన పెదవుల మీద సగం మాటలు దొరికాయి. హీరోయిన్ దగ్గరికి వచ్చేసరికి ఆ టీచరమ్మ చేతులెత్తేసింది. "ఈ అమ్మాయి మాట్లాడేది తమిళమే కాదు" అందట. అమ్మాయి కంగారుపడి నన్ను పిలిచి కంప్యూటర్ ముందు కూర్చోబెట్టింది. నేను చూశాను. బొంబాయి పిల్ల, కళ్లనిండా నీళ్లు పెట్టుకుని, గడ్డం వణికిస్తూ, ఎంత బాగా అంటోందో! ఏక్, దో, తీన్, చార్.

నేను పడీ పడీ నవ్వాను. త్రివేణికి అర్థం కాలేదు. "నాన్నా, షి ఈజ్ కౌంటింగ్? క్లైమాక్స్‌లోనా?" అంది. "అవునమ్మా, భాష రాని పిల్ల. మాట ఎంత పొడుగుందో అన్ని అంకెలు చెప్పేది. తర్వాత డబ్బింగ్‌లో ఎవరో ఆ పెదవుల మీద తమిళం అతికించేవాళ్లు" అన్నాను. "మరి అసలు లైన్ ఎవరికి తెలుసు?" అంది. నవ్వడం ఆపేశాను. మీకు తప్ప ఎవరికీ తెలియదు. మీకేమో అవసరం లేదు.

మే 3, పొద్దున

ఏకాంబరం, పైన రాసినదంతా చింపేద్దామనుకున్నాను. మా ఆవిడ కుమారి వద్దంది. "అలాగే పంపండి, మీ కోపం కూడా ఆయన చూడాలి" అంది.

కవరు అంటించబోతుంటే తీసుకుని చదివింది. చదివి, నీ ఉత్తరం కూడా అడిగి తీసుకుని చదివింది. "చాలా రోజులున్నాయి, అవసరం లేదు అంటున్నాడు కదండీ ఆయన. తొందర లేదంటున్నాడు" అంది.

"తొందర అనలేదే, అవసరం అన్నాడు."

"మద్రాసు తెలుగులో అవసరమంటే తొందరే కదా! మన ఓనరమ్మ జల్లెడ సంగతి మర్చిపోయారా?"

ఎలా మర్చిపోతాను! కాపురానికి వచ్చిన కొత్తలో కుమారి వాళ్ల జల్లెడ తెచ్చుకుని, తిరిగి ఇవ్వబోతే ఓనరమ్మ "ఇప్పుడు అవసరం లేదు కుమారీ" అంది. అక్కర్లేదు కాబోలని ఇది మూడు నెలలు ఆ జల్లెడ వాడేసుకుంది. ఆవిడ ఒకరోజు "ఎంత నిదానం నీకు!" అని వచ్చి లాక్కుపోయింది. ఆ కథ నువ్వు సెట్లో అందరికీ చెప్పి నవ్వించేవాడివి. పదేళ్లు ఆ మాట మీద నవ్వుకున్నవాళ్లం. కానీ ఆ రోజు ఆ మాట నీ నోటి నుంచి నేను వినలేదురా. వెంకట రమణ గారి నోటి నుంచి విన్నాను. ఆయన గుంటూరాయన.

నిజం చెప్పు. 84లో నువ్వు అన్నది తొందర లేదనా?

పరంధామయ్య


కాపెల్
మే 14

ఒరే పరంధామా,

అవునురా. తొందర లేదనే అన్నాను.

వెంకట రమణ గారు సైకిల్ దిగకుండానే, వాకిలి బయట నుంచే అడిగినాడు. "పరంధామయ్య హైదరాబాద్ పోతాడంట, నువ్వూ వస్తావా?" అని. "ఇప్పుడు అవసరం లేదు సార్, మా చెల్లెలి పెండ్లి కానీ, దీపావళి దాటినాక ఇద్దరమూ పోతాము" అన్నాను. ఆయన మొదటి మాట విని పెడల్ తొక్కినాడు.

దీపావళి మరుదినం నేను ట్రంకు పెట్టె పట్టుకొని మీ పోర్షనుకు వచ్చినాను. తాళం ఉండాది. ఓనరమ్మ, "వాళ్లు పోయి నెల అయిందే" అనింది. ఆ పెట్టె తిరిగి ఇంటికి మోసుకొని పోయిన దారి నాకు ఇప్పటికీ కాలి కింద తెలుస్తుంది. నేను పనికిరానని నన్ను వదిలి పోయినావు అనుకొన్నాను. తర్వాత నేను మంచిగానే బతికినాను, దాంట్లో ఏమీ లోపం లేదు. తెలుగు సినిమాలు తమిళానికి మార్చే కంపెనీలో ముప్పై ఏండ్లు పని చేసినాను. తెలుగు అక్షరాలు నాకు నేర్పినవాడివి నువ్వే. ఆ అక్షరాలతోనే అన్నం తిన్నాను. నీ మీద కోపంతోనే తిన్నాను.

చెల్లెమ్మకు నా నమస్కారం చెప్పు. ఆ రోజు నా మాట ఆమె చెవిన పడి ఉంటే నలభై ఏండ్లు మిగిలేవి.

"ఆ రోజు నాకు ఎవరు చెప్పారు, అన్నయ్య మీద అలిగి నోరు మూసుకుని మూటలు కట్టమన్నారు" అని ఆమె అంటుంది, నాకు తెలుసు. నీ సంగతి నాకు తెలియదా!

ఇంకొకటి చెప్పాల. ఈ జాబు నాలుగు దినాలుగా రాస్తుండాను, దాని కోసమే. మాటలు ఉండాయి అని రాసినాను. అబద్ధం. తండ్రివి మొదటి నాలుగు మాటలు ఉండాయి. ఆ తర్వాత ఏమీ లేదు. తొందర లేదు అని ఎందుకు రాసినాననుకొన్నావు? సెప్టెంబర్ లోపల ఎట్లాగైనా గుర్తు వస్తుందేమో అని. దినం పొద్దున పార్కులో నడిచేటప్పుడు మొదటి నుంచి చెప్పుకొంటాను. అయిదో మాట దగ్గర కాలు ఆగిపోతుంది. మూడు వందల సినిమాలకు మాట అందించినవాణ్ణి. రఘువీర్‌కు, మనీషాకు చెప్పలేదు. "మా మామగారికి ఒక్కొక్క డైలాగు నోటికి వచ్చు" అని ఆ పిల్ల అందరికీ చెప్పుకొంటుంది. నీకు మాత్రమే రాస్తుండాను. త్రివేణికి ఎట్లా చెప్తావో నువ్వే చూసుకో.

ఏకాంబరం


మోరిస్‌విల్
మే 24

ఒరే ఏకాంబరం, నా బంగారం!

నీ ఉత్తరం చదివి నేను డాన్సు చేశాను. సిగ్గు లేదు, చేశాను. అల్లుడు కౌస్తుభ్ జూమ్ మీటింగ్‌లో ఉన్నాడు, వెనకాల నేను కనబడ్డానట. వాళ్ల మేనేజర్, "ఈజ్ దట్ యువర్ ఫాదర్ ఇన్ లా? ఐ వాంట్ వాట్ హి ఈజ్ హేవింగ్" అన్నాడట. ఉప్మా అని చెప్పమన్నాను.

మాటలు గుర్తు లేవని ఏడుస్తావేమిట్రా! నువ్వు ఒక్కడివే నడుస్తూ చెప్పుకుంటే ఎలా వస్తాయి? మనం ఎప్పుడైనా ఒంటరిగా మాట అందించామా? నువ్వు తమిళం చెప్పేవాడివి, షాట్ ఓకే అయ్యేది, వెంటనే అదే మాట నేను తెలుగులో చెప్పేవాణ్ణి. నేను తడబడితే నీ తమిళం తలుచుకునేవాణ్ణి, నా తెలుగు దానంతటది వచ్చేది. ఇప్పుడు నాకు తెలుగు ఉందిరా! పొద్దున కంప్యూటర్ ముందు కూర్చుని ఆ రీలు వేసుకుని చూశాను. తండ్రి ఉప్పు పార భుజం మీద వేసుకుని వస్తుంటే, నేను గట్టిగా తెలుగు మాట అనేశాను. కుమారి వంటింట్లోంచి "ఎవరు వచ్చారండీ?" అంది. దాదాపు అన్నీ వచ్చాయి. నువ్వు వచ్చి నా పక్కన కూర్చో. నా తెలుగు విను. నీ తమిళం రాకపోతే నన్ను అడుగు.

అమ్మాయికి చెప్పాను. దాచడం నాకు రాదని నీకు తెలుసు. దానికి ఏమైనా బాధ అనిపిస్తుందేమో అనుకున్నాను. అది ఎగిరి గంతేసింది. "నాన్నా, బైలింగ్వల్ మెమరీ! దిస్ ఈజ్ అమేజింగ్, ఇద్దర్నీ రికార్డ్ చేస్తాను" అంది. ఆ ముక్కలు నాకు అర్థం కాలేదు గానీ మన గురించే అనుకుంటాను.

మొన్న దాని సమ్మర్ క్లాసుకి నేనూ వెళ్లాను. చివరి బెంచీలో కూర్చున్నాను. ఎంత బాగా చెబుతుందిరా! తొలి మాటల సినిమాల్లో నలభై యాభై పాటలుండేవని, నటులంతా నాటకం కంపెనీల వాళ్లేనని, మైకు దూరంగా ఉంటే వినబడదని పద్యం పాడినట్టు గట్టిగా మాట్లాడేవాళ్లని చెప్పింది. తర్వాత ఒక కాలం వచ్చింది, జనం హీరో మొహం కోసం కాక డైలాగు కోసం టిక్కెట్ కొనేవాళ్లు, ఒకే ఊపిరిలో రెండు పేజీలు చెబితే హాలు దద్దరిల్లేది అంది. మన రోజుల దగ్గరికి వచ్చేసరికి, కెమెరా స్టూడియో ఫ్లోర్లు వదిలి పల్లెల్లోకి, పొలాల్లోకి, సముద్రపు ఒడ్డుకి వెళ్లిందని చెబుతూ మన ఉప్పు మడుల బొమ్మ వేసింది. ఆ గాలిలో మైకు ఏమీ పట్టదు కాబట్టి మాటలన్నీ తర్వాత డబ్బింగ్‌లో పెట్టేవాళ్లని, అందుకే పక్కనుంచి మాట అందించే మనిషి లేకపోతే షూటింగ్ నడిచేది కాదని అంది. "దట్ మ్యాన్ ఈజ్ సిట్టింగ్ ఇన్ ద లాస్ట్ రో" అని నన్ను చూపించింది. ముప్పైమంది తిరిగి చూశారు. నేను లేచి దండం పెట్టాను. ఇంకేం చేయాలో తెలియలేదు.

వాళ్లకు కోడంబాకం ఒక ఊరి పేరు. నాకు మాత్రం ఆ స్లైడ్ మీద నీ మొహం ఒక్కటే కనబడింది.

ఆగస్టులో రా. రఘువీర్‌ని డాలస్ నుంచి రాలీకి టికెట్ బుక్ చేయమను. విమానంలో మూడు గంటలే. కుమారి నీ కోసం నిమ్మకాయ పచ్చడి పెడుతోంది. "అన్నయ్యకి కారం తక్కువ ఉండాలి కదా" అంటోంది. నలభై ఏళ్లు గడిచినా నీ కడుపు సంగతి దీనికి గుర్తుంది, నా బీపీ మాత్ర మాత్రం గుర్తుండదు.

నీ
పరంధామయ్య


కాపెల్
ఆగస్టు 25

పరంధామా,

క్షేమంగా చేరినాను. చెల్లెమ్మ కట్టిన పచ్చడిని ఎయిర్‌పోర్టులో సెక్యూరిటీవాడు మూత తీసి వాసన చూసినాడు. మూసి ఇచ్చేసినాడు, దేవుడు మంచివాడు.

మీ ఇంట్లో పది దినాలు చెప్పలేకపోయిన మాట ఇప్పుడు రాస్తుండాను. ఆ రికార్డింగ్ రూములో మొదటి దినం నేను భయపడినాను. అంత పెద్ద తెర, ఆ రీలు, ఆ బొంబాయి పిల్ల, మూగగా. అయిదో మాట దగ్గర ఎప్పటి మాదిరే ఆగిపోయినాను. నువ్వు పక్కనుంచి తెలుగు అన్నావు. నాకు ఏమయిందో తెలియదు, తమిళం నా నోట్లోంచి వచ్చేసింది. నేను వెతకలేదు. ఆ తర్వాత నువ్వు అంటావు, నేను అంటాను. ఇరవై రెండు మాటలు. త్రివేణి కండ్లజోడు తీసి తుడుచుకుంటా ఉండింది. నేను నిన్ను చూసినాను. నీకు బొట్లు బొట్లుగా చెమట. ఏసీ ఉండే రూములో చెమట! షూటింగ్ దినాల్లో ఉన్నట్టే ఉండినావు.

అయితే చివరి మాట రాలేదు. పెండ్లి అయి పోతున్న కూతురు తండ్రి కాళ్లకు మొక్కబోతుంది. ఆయన వెనక్కు జరుగుతాడు. ఆ పిల్ల ఏదో అంటుంది. అంకెలే అంటుంది, అయిదు వరకు ఒకసారి, ఆగి, మళ్లీ ఆరు నుంచి పది వరకు. అంతే, సినిమా అయిపోతుంది. ఆ ఒక్క మాట నీకూ తెలుగులో రాలేదు, నాకూ రాలేదు. మూడు దినాలు కూర్చున్నాము.

"అంకుల్, దగ్గరగా ఉండే లైన్ ఏదైనా పెట్టేద్దామా? పెదవులకి సరిపోతే చాలు, ఎవరికీ తెలీదు" అని త్రివేణితో పనిచేసే ఆ టెక్నీషియన్ అడిగినాడు. నేను వద్దన్నాను. నేను అందించేవాణ్ణిరా, రాసేవాణ్ణి కాను. రాసినాయన లేడని ఆయన మాట నేను కల్పించేది ఎట్లా? త్రివేణి, "కరెక్ట్ అంకుల్, ఖాళీగానే ఉంచుదాం" అనింది. నీ కూతురు మంచి మనిషి. ఖాళీగా ఉండడం నాకు బాధగానే ఉండాది. అయినా నిజమైన ఖాళీ.

తమిళ స్టూడెంట్ వర్ష, ఆ బొంబాయి పిల్లకు గొంతు ఇచ్చిన పిల్ల, పోయేటప్పుడు నా కాళ్లకు మొక్కింది. ఏం దీవించాలో తెలియక "బాగా అందుకొంటావు" అన్నాను. నువ్వు నవ్వినావు. నేను చూసినాను.

సెప్టెంబర్ 20కి రఘువీర్‌ను కూడా తెస్తాను. నేను చేసిన పని ఏమిటో వాడు ఒక్కసారి కూడా చూడలేదు.

ఏకాంబరం


మోరిస్‌విల్
సెప్టెంబర్ 21, ఆదివారం

ఒరేయ్! ఒరేయ్! ఒరేయ్!

నువ్వు ఇంకా విమానంలోనే ఉండి ఉంటావు, నేను రాయడం మొదలుపెట్టేశాను. నిన్నటి నుంచి నా కాలు నేల మీద లేదు.

హాలు నిండిపోయింది కదా! క్యారీ నుంచి, షార్లెట్ నుంచి కార్లలో వచ్చారు. తమిళవాళ్లు, తెలుగువాళ్లు, ఏ భాషా రాని తెల్లవాళ్లు. మొదట్లో పేర్లు పడుతుంటే మా అదితి గట్టిగా, "తాత పేరు లేదేంటి?" అంది. నీ రఘువీర్ అది విని, "మా నాన్న పేరు కూడా లేదు" అని దాని భుజం తట్టాడు. మన పేర్లు ఆ రోజుల్లో ఎవరు వేశారు! ఆ తర్వాత పదిహేను రీళ్లు అలా గడిచిపోయాయి. జనం నవ్వారు, ఈల వేశారు, ఒకావిడ పాటకి చప్పట్లు కొట్టింది. పదహారో రీలు వచ్చింది. ఒక్కొక్క మాటా పడుతోంది, నా చెవికి అది వర్ష గొంతు కాదు, నువ్వు మరక్కాణం గాలిలో అరిచిన గొంతే.

చివరికి ఆ పిల్ల వంగింది. తండ్రి వెనక్కి జరిగాడు. పెదవులు కదిలాయి. మాట లేదు. అంతమంది ఊపిరి బిగబట్టడం నాకు వినబడింది. అప్పుడు నా పక్కన నువ్వు, సెట్లో ఎలా అందించేవాడివో అలా, స్పష్టంగా, వెనక బెంచీ దాకా వినబడేలా,

"కళువ వేణామప్పా. ఉప్పు ఇరుక్కట్టుమ్."

కాళ్లు కడుక్కోవద్దు నాన్నా, ఉప్పు ఉండనీ. మడిలో నుంచి వచ్చిన ఉప్పు కాళ్లకి మొక్కనివ్వకూడదని తండ్రి వెనక్కి జరిగాడు! మూడు రోజులు చూసినా మనకి అది తోచలేదు.

తమిళం వచ్చినవాళ్లు ఒక్కసారి "ఆహ్" అన్నారు. రానివాళ్లకి పక్కవాళ్లు చెప్పారు. నాకు ఏడుపు ఆగలేదు. కుమారి నా చెయ్యి గట్టిగా గిల్లింది కూడా. రఘువీర్ సీట్లోంచి లేచి నిన్ను చూస్తూ అలాగే నిలబడిపోయాడు. ఆ అబ్బాయి మొహం నువ్వు చూశావో లేదో.

తర్వాత అడుగుదామంటే నీ చుట్టూ జనం. పొద్దున్నే మీ ఫ్లైటు. మీరు విమానం ఎక్కే ముందు రఘువీర్‌తో ఫోనులో అడిగిస్తే, "ఉత్తరంలో రాస్తాను" అన్నావట. త్రివేణి రాత్రి నిద్ర పోలేదు. పొద్దుటి నుంచి ఆ మాట ఆ పెదవుల మీద పెట్టి పదిసార్లు చూసుకుంది. మొదటి ముక్క అయిదు దగ్గర ఆగుతోంది, రెండోది పది దగ్గర. సరిగ్గా సరిపోయిందిరా! అయినా అది అంటోంది, "సరిపోయినంత మాత్రాన నిజం కాదు నాన్నా. అంకుల్‌కి నిజంగా గుర్తొచ్చిందా, ఆ క్షణంలో తోచిందా? అది తెలిస్తేనే పెడతాను" అని. అక్టోబర్ 3 శుక్రవారం లైబ్రరీకి అసలు కాపీ వెళ్లిపోతుంది. ఆ తర్వాత మార్చడానికి లేదు. మాట ఇచ్చినవాళ్ల పేరు కూడా చివర్లో వేస్తుందట. నిజం రాసి పంపు. కల్పించి ఉంటే కల్పించానని రాయి, నాకు నీ మీద గౌరవం ఇంచీ తగ్గదు. ఆ మాట ఎక్కడిది?

పరంధామయ్య


కాపెల్
సెప్టెంబర్ 26

పరంధామా,

నేను కల్పించలేదు. నాకు గుర్తు రానూ లేదు.

నువ్వు అన్నావురా.

హాల్లో ఆ పిల్ల పెదవులు కదిలినప్పుడు నేను తెర చూస్తా ఉండాను, నా నోట్లో ఏమీ లేదు. నా ఎడమ పక్క నుంచి నువ్వు, "కడగొద్దు నాన్నా, ఉప్పు ఉండనీ" అన్నావు. లోగొంతుకతో కాదు, బాగానే అన్నావు. నాకు తమిళం నోట్లోకి వచ్చి పడింది. నేను అనేసినాను. నా గొంతు పెద్దది కాబట్టి హాలంతా నన్నే చూసింది.

నీకు తెలియదని నీ జాబు చూస్తేనే నాకు తెలిసింది. చెల్లెమ్మను అడుగు. నువ్వు ఏడ్చినందుకు గిల్లలేదు, హాల్లో గట్టిగా మాట్లాడినందుకు గిల్లింది. రూములో మూడు దినాలు వెతికినావు, దొరకలేదు. హాల్లో వెతకడం మరిచిపోయినావు.

ఆ మాట అసలుదే. నువ్వూ నా మాదిరి అందించేవాడివే, కల్పించేవాడివి కాదు. నువ్వు తెలుగులో అన్నది నేను తమిళంలో అన్నాను, ఎక్కువా లేదు, తక్కువా లేదు. త్రివేణిని భయం లేకుండా పెట్టమను. శుక్రవారానికి చేరాలని మనీషా దీన్ని ఎక్స్‌ప్రెస్‌లో పంపుతుంది.

మాట ఇచ్చినవాళ్ల పేరు అడిగినావు కదా. రెండు పేర్లు వేయమను. నీది ముందు.

ఏకాంబరం